స్టేజ్ టాన్ వేసుకోబోతున్నారా? చర్మం సంగతి మూడు వారాల ముందే చూసుకోండి

జిల్లా స్థాయి బాడీబిల్డింగ్ పోటీకి ముందు రాత్రి మా జిమ్ కుర్రాడు ఒకడు పదకొండు గంటలకు ఫోన్ చేశాడు. "అన్నా, ఛాతీ అంతా మండిపోతోంది, ముట్టుకోలేకపోతున్నా" అన్నాడు. ఆ సాయంత్రమే బ్లేడుతో ఒళ్లంతా షేవ్ చేసుకుని, గంట తిరక్కుండా మొదటి కోట్ టాన్ (స్టేజ్ మీద ఒళ్లు ముదురు రంగులో కనబడడానికి పూసే ద్రవం) పూసుకున్నాడు. ఆ సీసా అంతకుముందు ఎప్పుడూ వాడలేదు. స్నేహితుడు ఇస్తే తెచ్చుకున్నాడు. తెల్లారేసరికి ఛాతీ, పొట్ట ఎర్రగా పొంగి, సన్నటి నీటి పొక్కులు లేచాయి. పద్నాలుగు వారాలు ఉప్పూ కారం తగ్గించి చేసిన ప్రెప్, అంటే పోటీ సన్నాహం, మొత్తం పోయింది. మంట వారంలో తగ్గింది కానీ నల్లటి మచ్చలు మాత్రం ఐదు నెలలు ఉన్నాయి. వాడికి ముందుగా చెప్పకపోవడం నా తప్పేనని ఇప్పటికీ అనుకుంటాను. అందుకే పోటీల సీజన్ మొదలయ్యే ముందు ఇది రాస్తున్నాను.

మన రంగుకు టాన్ ఎందుకని ఇంట్లోవాళ్లు అడుగుతారు. స్టేజ్ లైట్ల కింద చామనఛాయ కూడా వెలిసిపోయినట్టు కనబడుతుంది. ఎంతో కష్టపడి తెచ్చుకున్న కట్స్, అంటే కండల మధ్య తేలే గీతలు, వెనక వరసలో కూర్చున్న జడ్జికి కనిపించవు. అందుకని టాన్ వద్దని నేను అనను. ఎలా వేసుకోవాలో, ఎప్పుడు వేసుకోకూడదో తెలిసి వేసుకోమంటాను.

టాన్ చర్మం మీద ఏం చేస్తుంది

స్టేజ్ టాన్‌లోనూ, మామూలు సెల్ఫ్ టానర్‌లోనూ అసలు పని చేసేది డైహైడ్రాక్సీఅసిటోన్. పొడి అక్షరాల్లో డీహెచ్ఏ అంటారు. ఇది చక్కెర జాతి పదార్థం. చర్మం పైపొరలోని మృతకణాల్లో ఉండే అమైనో ఆమ్లాలతో కలిసి గోధుమ రంగు తెస్తుంది. మూకుట్లో ఉల్లిపాయ ముక్కలు వేగి ఎర్రబడతాయి చూడండి, దాదాపు అదే రకం చర్య, ఇక్కడ మంట అక్కర్లేదు. పూసిన రెండు నుంచి నాలుగు గంటల్లో రంగు మొదలై, ఒక రోజుకి పూర్తిగా తేలుతుంది. ఆ మృతకణాలు రాలిపోయేకొద్దీ వారం రోజుల్లో వదిలిపోతుంది. 1950లలో అమెరికాలోని సిన్సినాటి విశ్వవిద్యాలయంలో ఎవా విట్‌గెన్‌స్టైన్ అనే పరిశోధకురాలు పిల్లలకు డీహెచ్ఏని మందుగా తాగిస్తుంటే, ఒలికిన చుక్కలు పడ్డ చోట చర్మం గోధుమ రంగులోకి మారడం గమనించారు. సెల్ఫ్ టానర్లకు దారి అక్కడ పడింది.

షాపుల్లో దొరికే మామూలు టానర్లలో డీహెచ్ఏ సాధారణంగా 3 నుంచి 5 శాతం ఉంటుంది. స్టేజ్ కోసం చేసినవాటిలో ఇంకా ఎక్కువ. యూరోపియన్ యూనియన్ 2021లో దీనికి 10 శాతం గరిష్ఠ పరిమితి పెట్టింది. సీసా మీద శాతం రాసి లేకపోతే, పదార్థాల జాబితా అసలే లేకపోతే, ఎంత చవకగా వచ్చినా ఆ సీసా కొనకండి.

నిజానికి డీహెచ్ఏకే అలర్జీ రావడం అరుదు. ఎక్కువగా ఇబ్బంది పెట్టేవి దానితో కలిపిన సువాసనలు, నిల్వ ఉంచే రసాయనాలు, ప్రొపిలీన్ గ్లైకాల్, ఆల్కహాల్. దానికి తోడు డీహెచ్ఏ నిలబడాలంటే ద్రవం కాస్త ఆమ్లంగా ఉండాలి. ఆరోగ్యంగా ఉన్న చర్మం ఇవన్నీ తట్టుకుంటుంది. మరి పోటీ వారంలో మీ చర్మం ఎలా ఉంటుంది? కొవ్వు బాగా తగ్గించిన ఆహారం వల్ల పొడిబారి ఉంటుంది. చాలామంది నీళ్లు కూడా తగ్గించేస్తారు (నేను దీన్ని సమర్థించను, ప్రాణాల మీదికి వచ్చే పని అది). పైగా షేవింగ్, స్క్రబ్బింగ్. ఏడాది మొత్తంలో చర్మం బాగా బలహీనంగా ఉండే వారం అదే, అప్పుడే దాని మీద మూడు నాలుగు కోట్లు పూస్తాం. కాబట్టి కొత్త వస్తువేదైనా ఆ వారంలో మొదటిసారి చర్మానికి తగలకూడదు. ఇక చెప్పబోయేవన్నీ ఈ మాట చుట్టూ తిరిగేవే.

మూడు వారాల ముందు

ముందు అద్దం ముందు నిలబడి ఒళ్లంతా చూసుకోండి. వీపు, తొడల లోపలి భాగం, చంకలు ఇంకెవరితోనైనా చూపించుకోండి. జిమ్‌కి వెళ్లేవాళ్లలో తామర చాలా ఎక్కువ. తడి బట్టలు, బిగుతు షార్ట్స్, ఒకరి తువ్వాలు ఒకరు వాడడం దీనికి కారణాలు. గజ్జల్లో గుండ్రంగా, అంచు ఎర్రగా, దురదగా ఉంటే దాన్ని టాన్‌తో కప్పేద్దామని చూడకండి. మెడికల్ షాపులో అడిగితే ఇచ్చే మూడు నాలుగు మందులు కలిసిన ట్యూబు కూడా వద్దు. వాటిలో చాలావాటిలో స్టెరాయిడ్ ఉంటుంది. రెండు రోజుల్లో దురద తగ్గినట్టు అనిపించి, లోపల తామర ఇంకా పాకుతుంది, చర్మం పలచబడుతుంది. పలచబడ్డ చర్మం మీద టాన్ మండుతుంది, రంగు కూడా మచ్చలు మచ్చలుగా పడుతుంది. తామర తగ్గడానికి వారాలు పడుతుంది కాబట్టే మూడు వారాల ముందే స్కిన్ డాక్టర్‌కి చూపించమంటున్నాను, ఇంకా ముందైతే మరీ మంచిది.

విజయవాడ, విశాఖ లాంటి చోట్ల ఉక్కపోతకి చెమటకాయలు వస్తాయి. అవి పూర్తిగా తగ్గాకే టాన్. చిన్నప్పటి నుంచి ఎగ్జిమా ఉన్నవాళ్లు, సోరియాసిస్ ఉన్నవాళ్లు, హెయిర్ డైకో సెంటుకో దద్దుర్లు వచ్చిన అనుభవం ఉన్నవాళ్లు డాక్టర్‌ని అడగకుండా సీసా మూత తీయవద్దు.

తర్వాత ప్యాచ్ టెస్ట్. దీన్ని అందరూ "తెలుసులే అన్నా" అంటారు, చేసేవాళ్లు తక్కువ. పోటీకి వాడబోయే అదే సీసా నుంచి రూపాయి బిళ్లంత మేర మోచేతి మడత లోపల పూయండి. ఎనిమిది గంటల తర్వాత కడిగేయండి. చూడాల్సింది మాత్రం మరుసటి రోజు ఒక్కసారే కాదు. అలర్జీ అయితే ఒకటి నుంచి మూడు రోజుల తర్వాత కూడా బయటపడుతుంది, కాబట్టి 72 గంటలు ఆగి నిర్ణయించుకోండి. దురద, ఎరుపు, గరుకు, పొక్కు, వీటిలో ఏ ఒక్కటి కనిపించినా ఆ సీసా మీకు పడదు. బాగానే ఉంటే వారం తర్వాత ఇంకోసారి, ఈసారి షేవ్ చేసిన చోట, అంటే పిక్క మీదో ఛాతీ పక్కనో పూసి చూడండి. స్టేజ్‌కి వెళ్లేది ఆ చర్మంతోనే కదా. స్టేజ్ మీద కండలు మెరవడానికి రాసుకునే పోజింగ్ ఆయిల్‌కీ ఇదే పరీక్ష. పోయిన ఏడాది పడింది కదా అని వదిలేయకండి. అలర్జీ అనేది వాడుతూ వాడుతూ ఉండగా కూడా మొదలవుతుంది, కంపెనీలు పదార్థాలూ మారుస్తుంటాయి.

సీసాని ఎండలో నిలిపిన బండి డిక్కీలో, మేడ మీద గదిలో పెట్టకండి. వేడికి డీహెచ్ఏ విరిగి ఫార్మాల్డిహైడ్ లాంటి చికాకు పెట్టే పదార్థాలు పుడతాయి. ఏడాది కిందట తెరిచి సగం మిగిలిన సీసా, వాసన మారిన సీసా పారేయడమే. పోటీ ఎంట్రీ ఫీజు, ప్రోటీన్ ఖర్చుతో పోలిస్తే కొత్త సీసా ఖర్చు పెద్దది కాదు.

వెంట్రుకలు తీయడం

నా దగ్గరికి వచ్చిన మంటల్లో సగానికి పైగా ఇక్కడే మొదలయ్యాయి. బ్లేడు కంటికి కనిపించని గాట్లు పెడుతుంది. ఆ గాట్లలోకి ఆమ్లం, ఆల్కహాల్, సువాసన వెళితే మండకుండా ఎలా ఉంటుంది?

ఒళ్లంతా వెంట్రుకలు దట్టంగా ఉన్నవాళ్లు రెండు వారాల ముందే ట్రిమ్మర్‌తో పొట్టిగా చేసుకోండి. మొదటిసారి నున్నగా తీయడం పోటీకి వారం ముందు జరగాలి, ఆఖరి షేవ్ మొదటి కోట్‌కి కనీసం 24 గంటల ముందు, వీలైతే 48 గంటల ముందు. కొత్త బ్లేడు, గోరువెచ్చని నీళ్లు, షేవింగ్ జెల్, వెంట్రుక వాలు వైపే. వ్యాక్సింగ్ అయితే మూడు రోజుల గ్యాప్ ఇవ్వండి. హెయిర్ రిమూవల్ క్రీములు వెంట్రుకనే కరిగించే క్షారం, వాటికీ ముందు ప్యాచ్ టెస్ట్ కావాలి. షేవ్ అయ్యాక వాసన లేని మాయిశ్చరైజర్ రాయండి, టాన్ రోజు వరకు ఆపకండి.

మృతకణాలు తీయడానికి గరుకు రాయి, ఉప్పు స్క్రబ్ వద్దు. మన సున్నిపిండి మెత్తగా నలుగు పెట్టుకుంటే చాలు. పసుపు మాత్రం కలపవద్దు, అది వేరే రంగు వదులుతుంది. నలుగు కూడా షేవింగ్‌కి ముందే, తర్వాత కాదు.

పూసే రోజు

సబ్బు లేకుండా స్నానం చేసి, పూర్తిగా ఆరాకే మొదటి కోట్. డియోడరెంట్, సెంటు, నూనె ఏవీ వద్దు. చంకలో డియోడరెంట్ ఉంటే రంగు ఆకుపచ్చగా తిరుగుతుంది, మంట కూడా పుట్టొచ్చు. మోచేయి, మోకాలు, మడమ ఎక్కువ రంగు పీల్చుకుంటాయి, అక్కడ పలచగా మాయిశ్చరైజర్ రాసి పూయండి. గజ్జల్లోకి, పెదవుల మీదికి, కనురెప్పల మీదికి టాన్ పోకూడదు. ముఖానికి ఆఖర్న పలచగా ఒక్క కోట్.

స్టేజ్ వెనక ఒకే రోలర్‌తో, ఒకే స్పాంజితో పదిమందికి పూస్తుంటారు. దయచేసి ఈ అలవాటు మానండి. అందరి చర్మం మీదా షేవింగ్ గాట్లే. ఒకరి తామర, ఒకరి చీము పొక్కు ఇంకొకరికి అంటుకోవడానికి ఇంతకన్నా దగ్గరి దారి లేదు. ఎవరి స్పాంజి వాళ్లది, ఎవరి గ్లవ్స్ వాళ్లవి. మన ఊళ్లలో వంద రూపాయల లోపు పని ఇది.

స్ప్రే టాన్ అయితే ఇంకో సంగతి. అమెరికా ఎఫ్‌డీఏ డీహెచ్ఏని ఒంటి పైపూతకే అనుమతించింది. పీల్చడానికి కాదు, కళ్లకు, పెదవులకు, ముక్కు లోపలి పొరలకు తగలడానికీ కాదు. కళ్లకు గాగుల్స్, ముక్కుకు అడ్డు, పెదవులకు వాజ్‌లైన్, గాలి ఆడే గది, ఇవి ఉంటేనే స్ప్రే కింద నిలబడండి. ఉబ్బసం ఉన్నవాళ్లు స్ప్రే జోలికి వెళ్లకుండా చేత్తో పూసుకోవడం మేలు.

పూసుకున్నాక ఒక రోజు ఎండలో తిరగవద్దు. రంగు ముదిరింది కదా అని ఎండ నుంచి రక్షణ దొరకదు. పైగా డీహెచ్ఏ పూసిన చర్మం మీద ఎండ పడితే మొదటి రోజు మామూలు కన్నా ఎక్కువ హాని జరగొచ్చు. వదులు కాటన్ బట్టలు వేసుకోండి.

టాన్ దొరకలేదని హెయిర్ డై, నల్ల మెహందీ ఒంటికి పూసేవాళ్లున్నారు. వాటిలో ఉండే పీపీడీ అనే రంగు తీవ్రమైన అలర్జీ తెస్తుంది, బొబ్బలు లేస్తాయి, తర్వాత జీవితాంతం ఏ హెయిర్ డై తాకినా దద్దుర్లు రావొచ్చు. నరాలు తేలాలని నొప్పి బామ్‌లు రుద్దుకోవడం కూడా ఇలాంటిదే, షేవ్ చేసి టాన్ వేసిన చర్మం మీద అది నిప్పు. ఇక ఒళ్లు రంగు ముదరడానికని జిమ్‌లలో గుట్టుగా అమ్మే మెలనోటాన్ అనే మందు ఇంజెక్షన్లు, ముక్కు స్ప్రేలు. అమెరికా, బ్రిటన్, ఆస్ట్రేలియా ఔషధ సంస్థలు వాటి గురించి హెచ్చరించాయి. ఎవరు ఇచ్చినా, ఉచితంగా ఇచ్చినా తీసుకోకండి.

మండడం మొదలైతే

మొదటి కోట్‌కి కాసేపు సన్నగా చిమచిమలాడడం ఉంటుంది, పది నిమిషాల్లో తగ్గిపోతుంది. తగ్గకుండా పెరుగుతుంటే ఆలోచించకండి, కడిగేయండి. గోరువెచ్చని నీళ్లు, వాసన లేని మెత్తటి సబ్బు, రుద్దకుండా. తర్వాత చల్లటి తడి గుడ్డ, వాజ్‌లైన్ లేదా మామూలు మాయిశ్చరైజర్. నిమ్మకాయ, వంట సోడా, టూత్‌పేస్ట్, బ్లీచ్ ఏవీ వద్దు. రెండో కోట్‌తో ఎరుపు కప్పేయడం అసలే వద్దు. గోకకండి, పొక్కు చిదమకండి. మనలాంటి చామనఛాయ చర్మం మీద చిన్న మంట కూడా నల్ల మచ్చ వదిలి నెలలు ఉంటుంది, గోకితే ఇంకా ముదురుతుంది.

పెదవులు, కనురెప్పలు వాచినా, గొంతు బిగిసినట్టున్నా, ఊపిరి ఆడకపోయినా వెంటనే 108కి ఫోన్ చేయండి. పోటీ సంగతి తర్వాత. పొక్కులు లేచినా, చీము పట్టినా, జ్వరం వచ్చినా, మంట రెండు రోజులు దాటినా స్కిన్ డాక్టర్ దగ్గరికి వెళ్లండి.

కోచ్‌లకు ఒక మాట. కుర్రాళ్లు మీ మొహం చూసి మంట దాచుకుంటారు. "ఏం కాదులే, ఓర్చుకో" అనకండి. టాన్ వేసిన గంటకి మీరే వెళ్లి అడగండి, చొక్కా ఎత్తి చూడండి. అమ్మాయిలు పోటీ చేస్తుంటే వాళ్లను అడగడానికి, పూయడానికి ఒక ఆడమనిషిని ముందే పెట్టండి, లేకపోతే వాళ్లు చెప్పరు.

పోటీ అయ్యాక

పతకం వచ్చినా రాకపోయినా ఆ రాత్రే ఒళ్లు తోముకుని రంగంతా వదిలించాలన్న తొందర వద్దు. కొబ్బరినూనె పట్టించి అరగంట ఆగి, గోరువెచ్చని నీళ్లతో స్నానం చేయండి. రోజుకింత చొప్పున నాలుగైదు రోజుల్లో అదే పోతుంది. మళ్లీ షేవ్ చేయడం వారం ఆగాక. రెండు వారాల్లో ఇంకో పోటీ ఉంటే ఆ మధ్యలో చర్మానికి మాయిశ్చరైజర్ తప్ప ఏమీ తగలనివ్వకండి.

వాడిన సీసా లేబుల్‌ని ఫోన్‌లో ఫొటో తీసి పెట్టుకోండి, పూసిన తేదీ, ఎక్కడ ఎలా అనిపించిందీ కింద రాసుకోండి. దద్దుర్లు వస్తే సీసా పారేయకుండా డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లండి. అందులో ఏ పదార్థం మీకు పడలేదో వీపు మీద చేసే పరీక్షతో వాళ్లు తేల్చగలరు. ఆ పేరు తెలిస్తే సబ్బు, క్రీము, హెయిర్ జెల్ కొనేటప్పుడు కూడా లేబుల్ మీద దాన్ని వెతుక్కోవచ్చు. మా కుర్రాడికి అలాగే తేలింది. వాడికి పడనిది టాన్‌లో కలిపిన ఒక సువాసన. తర్వాతి ఏడాది వాసన లేని సీసా తెచ్చుకుని, రెండుసార్లు ప్యాచ్ టెస్ట్ చేసుకుని స్టేజ్ ఎక్కాడు.