టర్బో డిస్‌మౌంట్‌ల బొమ్మ మంచిగ ఎగరాలంటే

టర్బో డిస్‌మౌంట్ అంటే బండిని గుద్దించి అండ్ల ఉన్న బొమ్మను ఎగరగొట్టే గేమ్. అందరు బండి స్పీడు పెట్టే పవర్ మీటర్ నిండినంక వదులుతరు. గోడ దగ్గరుంటే అది దండుగ: బొమ్మ లేవకముందే బండితోటి గోడకు అతుక్కుంటది. స్కోరు వచ్చేది దెబ్బలకు. ఒక్క గుద్దు కన్న దొర్లుకుంట తగిలే పది దెబ్బలు మేలు.

టాపు లేని బండి తీసుకోండ్రి. ర్యాంపును (బండి ఎక్కి ఎగిరే వాలు పలక) గోడకు ఆనిచ్చి కాదు, గోడ ముందు కొంచెం జాగ ఇడిసి పెట్టుండ్రి. దేవరకొండ రోడ్డు స్పీడ్ బ్రేకర్ మీద వెనక కూసున్నోడు లేసినట్టు, బండి ఆగినా బొమ్మ పోతనే ఉంటది. మీటర్ ముప్పావుల వదిలి, రీప్లేల బొమ్మ ఏడ విడివడిందో చూడుండ్రి. తర్వాత బొమ్మ పోజు ఒక్కటే మార్చుండ్రి. రెండు మారిస్తే దేనితోని పెరిగిందో తెల్వది.

మే ఎండల ఫోన్ కాలితే గేమ్ జర్కులిస్తది. కవర్ తీసి ఆడుండ్రి, ఛార్జింగ్ పెట్టకుండ్రి.