రోజువారీకి ఒకటి, ఆదివారానికి ఒకటి: మీ ఇంటి వంటల పుస్తకం మీరే రాసుకోండి

నేను చీపురుపల్లి నుంచి రైల్లో వచ్చి విజయనగరంలో ఇంటికి చేరేసరికి సాయంత్రం ఆరున్నర అవుతుంది, ఎనిమిదింటికల్లా అందరికీ అన్నం పెట్టాలి. వంటల పుస్తకాలు చాలా కొన్నాను, కొన్ని గ్రంథాలయం నుంచి తెచ్చుకుని చదివాను, అన్నిటితోనూ ఒకటే ఇబ్బంది. పప్పు, పనసపొట్టు కూర, బిర్యానీ, జంతికలు అన్నీ ఒకే వరసలో ఉంటాయి. మంగళవారం రాత్రి ఆ పుస్తకం తెరిస్తే ఏది అరగంటలో అవుతుందో, ఏది సగం రోజు తినేస్తుందో మొత్తం చదివితే తప్ప తెలియదు. చివరికి రెండు నోటుపుస్తకాలు పెట్టుకున్నాను, ఒకటి రోజువారీకి, ఒకటి ఆదివారాలకి. నాలుగేళ్ళుగా నడుస్తున్నాయి. మీరూ పెట్టుకోండి, ఎలాగో రాస్తున్నాను.

ముందు కొనే పుస్తకాల సంగతి. అవీ కావాలి, రాసుకోవడానికి ముడిసరుకు అక్కడి నుంచే వస్తుంది. కొట్లో పుస్తకం చేతిలోకి తీసుకోగానే బొమ్మలు చూడకండి, మీకు బాగా వచ్చిన వంట ఏదో ఒకటి తెరవండి. నేనైతే ముక్కల పులుసు చూస్తాను. ఎంతమందికో రాశారా, చింతపండు ఎంతో చెప్పారా, ముక్క ఉడికిందని ఎలా తెలుస్తుందో చెప్పారా? ఉప్పు తగినంత అనడం తప్పు కాదు కానీ చింతపండు, నీళ్ళు, బెల్లం మూడూ "తగినంత" అయితే కొత్తగా వంట నేర్చుకునేవాళ్ళకి అది ఏం ఉపయోగం? తర్వాత ఉల్లిపాయలు వేగడానికి ఎంతసేపు రాశారో చూడండి. నాలుగు ఉల్లిపాయలు ఎర్రగా వేగాలంటే మధ్యరకం మంట మీద పావుగంట నుంచి ఇరవై నిమిషాలు పడుతుంది, "5 నిమిషాల్లో ఎర్రగా వేయించి" అని ఉంటే మిగతా టైములు కూడా పొయ్యి దగ్గర చూసి రాసినవి కావని నా అనుమానం.

వేరే ప్రాంతం వాళ్ళ పుస్తకమైతే చదువుతూనే పెన్సిలుతో మార్చుకోవాలి. సొరకాయ అంటే మన ఆనపకాయే, రాగిపిండి అంటే చోడిపిండి, సజ్జలు అంటే గంటెలు, ఇవి చిన్న విషయాలే. పెద్ద తేడా రుచిలో ఉంది. మన వైపు పులుసులో బెల్లం ముక్క పడాలి, కొన్ని కూరల్లో ఆవ పడాలి, ఇంగువ వాసన గుమ్మం దాకా రావాలి. గుంటూరు వైపు వాళ్ళు రాసిన కారం కొలత చూస్తే నేను మొదటిసారి సగమే వేస్తాను, చాలకపోతే రెండోసారి పెంచుతాను. ఉప్పు దగ్గర ఇంకో జాగ్రత్త. మా ఇంట్లో వాడేది నౌపడ కల్లుప్పు. పలుకుల మధ్య ఖాళీ ఉంటుంది కాబట్టి చెంచాడు కల్లుప్పు చెంచాడు మెత్తటి ఉప్పు కంటే తక్కువ బరువు తూగుతుంది. మీ నోటుపుస్తకంలో మొదటి పేజీలోనే ఏ ఉప్పో రాసేయండి.

ఇప్పుడు రోజువారీ పుస్తకం. దీన్ని పప్పులు, కూరలు, పచ్చళ్ళు అని విడదీయకండి. టైము ప్రకారం విడదీయండి: 20 నిమిషాలవి, 40 నిమిషాలవి, ముందు రాత్రి నానబెట్టాల్సినవి. ఈ మూడో భాగమే అందరూ మర్చిపోతారు. ఉలవలు, శనగలు, చోడి అంబలికి కలిపి పెట్టే పిండి, ఇవన్నీ నిన్న రాత్రి గుర్తుకురావాలి, ఇవాళ సాయంత్రం గుర్తొచ్చి లాభం లేదు. అందుకే ఆ పేజీల అంచుకి ఎర్ర రంగు పూశాను, ఆదివారం రాత్రి ఆ భాగం ఒక్కసారి తిరగేసి వారంలో ఏ రోజు ఏది నానబెట్టాలో క్యాలెండరు మీద రాస్తాను.

టైము లెక్క కత్తిపీట ముందు కూర్చున్నప్పటి నుంచి మొదలుపెట్టాలి. పుస్తకాలు "సన్నగా తరిగిన ఉల్లిపాయ ముక్కలు 1 కప్పు" అని రాసి ఆ తరిగే పది నిమిషాలూ లెక్కలో వేయవు. మీరు ఒక వంట మూడుసార్లు చేయండి, మూడుసార్లూ గడియారం చూసి రాయండి, వాటిలో ఎక్కువ పట్టిన టైమే పేజీ మీద పెట్టండి, అలసిపోయి వచ్చిన రోజు పట్టేది అంతే.

నా పుస్తకంలో ఒక పేజీ ఇలా ఉంటుంది:

ఆనపకాయ పప్పు. నలుగురికి. 40 నిమిషాలు.
కందిపప్పు 150 గ్రాములు, రాగానే కడిగి నానబెట్టాలి (బట్టలు మార్చుకునేలోపు నానుతుంది). లేత ఆనపకాయ సగం, పచ్చిమిర్చి 4, పసుపు, నీళ్ళు 450 మిల్లీలీటర్లు. మొదటి విజిల్ వచ్చాక సిమ్‌లో 8 నిమిషాలు. ఆవిరి దానంతట అదే దిగాలి. చింతపండు గుజ్జు ఒక పెద్ద చెంచా, ఉప్పు, చిటికెడు బెల్లం వేసి 3 నిమిషాలు ఉడకనివ్వాలి. పోపులో ఇంగువ, ఎండుమిర్చి, వెల్లుల్లి.
కాయ ముదురైతే గింజ తీసేయాలి, ఇంకో 3 నిమిషాలు.

విజిళ్ళ లెక్క రాయలేదు చూశారా. కావాలనే. మూడు లీటర్ల కుక్కరు ఒకలా కూస్తుంది, ఐదు లీటర్లది ఇంకోలా, రబ్బరు పాతబడితే మరోలా. మా అక్క వాళ్ళింట్లో నాలుగు విజిళ్ళకి మెత్తబడే పప్పు మా కుక్కర్లో పలుకుగానే ఉండిపోయింది. మొదటి విజిల్ నుంచి సిమ్‌లో నిమిషాలు లెక్కపెడితే చాలావరకు సరిపోతుంది.

పెద్దవాళ్ళ దగ్గర కొలతలు రాబట్టడం అన్నిటికంటే కష్టమైన పని, అన్నిటికంటే విలువైనదీ అదే. మా అమ్మది రాజాం దగ్గర పల్లె. పులుసులో ఉప్పెంత అని అడిగితే "ఎంతేటి, చేతికొచ్చినంత" అంది. నోటితో అడిగితే రాదని తెలిసింది. మర్నాడు ఆవిడ వంట చేస్తుంటే పక్కన నిలబడ్డాను, చిన్న గిన్నె ఒకటి, వంటింటి త్రాసు ఒకటి పట్టుకుని. ఆవిడ ఉప్పు డబ్బాలో చెయ్యి పెట్టి తీసింది, వేళ్ళ సందుల్లోంచి నాలుగు పలుకులు జారాయి, ఆ చెయ్యి గిన్నె మీదికి వెళ్ళేలోపు నా చిన్న గిన్నె కింద పెట్టాను. అందులో వేసి, తూచి, తిరిగి పులుసులో పోశాను. 11 గ్రాములు. వారం తర్వాత మళ్ళీ తూచాను, మళ్ళీ 11. ఆ చేతికి అంత లెక్క ఉంది. చింతపండు, బెల్లం, కారం అన్నీ అలాగే రాశాను, ఒక్కో వంటకి రెండు మూడు పూటలు పట్టింది. మీ ఇంట్లో వండే పెద్దవాళ్ళు ఉంటే దీన్ని వాయిదా వేయకండి, ఈ వారమే మొదలుపెట్టండి.

గిద్ద, సోల లెక్కలు చెప్తే వాటినీ వదలొద్దు. నాలుగు గిద్దలు సోల, రెండు సోలలు తవ్వ, రెండు తవ్వలు మానిక, నాలుగు మానికలు కుంచం. వరస ఇదే అయినా పాత్రలు ఇంటికొకలా ఉంటాయి కాబట్టి, వాళ్ళు వాడే సోలలో నీళ్ళు పోసి, ఆ నీళ్ళు మిల్లీలీటర్ల గీతలున్న గ్లాసులోకి వంచి, ఎన్నో రాసుకోండి.

ఆదివారం పుస్తకం తీరు పూర్తిగా వేరు. అక్కడ టైముకి తొందర లేదు, వంట ఎక్కడ చెడుతుందో అది రాయాలి. ఆవ పెట్టిన పనసపొట్టు కూర సంగతే తీసుకోండి. ఎండలు ముదరకముందు ఉద్దానం వైపు నుంచి లేత కాయలు దిగుతాయి. కొట్టి ఇచ్చేవాళ్ళుంటే పొట్టు కొట్టించుకోండి, ఇంట్లో కొట్టుకుంటే చేతులకీ కత్తికీ నూనె రాసుకోకపోతే జిగురు వదలదు. అరకిలో పొట్టుని పసుపు, ఉప్పు వేసి 10, 12 నిమిషాలు ఉడికించి, వార్చి, చల్లారాక గట్టిగా పిండాలి. శనగపప్పు, మినప్పప్పు, ఎండుమిర్చి, ఇంగువ, కరివేపాకు, దొరికితే పలాస జీడిపప్పు గుప్పెడు వేసి ధారాళంగా నూనెతో పోపు పెట్టి, నిమ్మకాయంత చింతపండు గుజ్జు పోసి పచ్చివాసన పోయేదాకా ఉడికించి, పొట్టు కలిపి, తడి ఆరేదాకా మగ్గనివ్వాలి. ఇక్కడిదాకా ఏ పుస్తకంలోనైనా ఉంటుంది.

అసలు పని ఆవ దగ్గర. ఆవాలు రెండు టీస్పూన్లు, ఎండుమిర్చి రెండు, చిటికెడు ఉప్పు, కాసిన్ని నీళ్ళు చిలకరించి చిన్న రోట్లో నూరుతుంటే మొదట ఏమీ తెలియదు, ఆవాలు నలిగి తెల్లగా పాలు వచ్చేసరికి ఒక్కసారిగా ముక్కుకెక్కి కళ్ళమ్మట నీళ్ళు వస్తాయి. ఎండు ఆవగింజలో ఘాటు ఉండదు, నలిగి నీళ్ళు తగిలాకే పుడుతుంది, పొయ్యి మీద వేడికి పోతుంది. ఇది తెలియక మొదటి ఏడాది నేను మూకుడు పొయ్యి మీద ఉండగానే కలిపాను, ఘాటు పోయి చేదు మిగిలింది, అరకిలో పొట్టు ఎవరూ తినలేదు. ఆ పేజీలో ఇప్పుడు పెద్ద అక్షరాలతో రాసి ఉంది: పొయ్యి ఆపి, కూర పళ్ళెంలోకి తీసి, చెయ్యి పెట్టగలిగేంత చల్లారాకే ఆవ. కలిపి గంటసేపు మూత పెట్టి ఉంచితే మధ్యాహ్నం భోజనానికి సరిగ్గా ఊరుతుంది.

ఆదివారం పుస్తకం వెనక నాలుగు పేజీలు మామూలు రోజుల కోసం వదలండి. ఒక గంట పని ఎక్కువ చేస్తే వారమంతా తేలికవుతుంది. చింతపండు ఉప్పుతో ఉడికించి గుజ్జు తీసి ఫ్రిజ్‌లో పెడితే ఆ వారం పప్పుకీ పులుసుకీ సరిపోతుంది. నువ్వులు దోరగా వేయించి ఎండుమిర్చి, ఉప్పుతో పొడి కొట్టి సీసాలో పోస్తే ఏ కూరా లేని రోజు అన్నంలోకి అదే.

పండగ పేజీ ఒకటి విడిగా ఉండాలి. మాకు పైడితల్లి అమ్మవారి జాతరలో తొలేళ్ళు, సిరిమాను రెండు రోజులూ బొబ్బిలి, పార్వతీపురం నుంచి చుట్టాలు వస్తారు, పదిహేను మందికి తక్కువ ఉండరు. నలుగురి కోడికూర కొలతల్ని నాలుగుతో గుణించేస్తే కూర చారైపోతుంది, పెద్ద గిన్నెలో నీళ్ళు ఆ లెక్కన ఇగరవు. మాంసం, ఉల్లిపాయలు నాలుగు రెట్లు వేసినా నీళ్ళు రెండున్నర రెట్లతో మొదలుపెట్టండి, ఉప్పూ కారం మూడు రెట్లు వేసి రుచి చూసి కలపండి. ఉల్లిపాయలన్నీ ఒకే మూకుట్లో పోస్తే వేగవు, ఉడుకుతాయి, అందుకని రెండు వాయిలుగా వేయించాలి. సిరిమాను అయిన మర్నాడు ఎంత మిగిలిందో, ఏది చాలలేదో ఆ పేజీలోనే రాసేస్తాను. వచ్చే ఏడు దసరా ముందు సరుకుల చీటీ రాసేటప్పుడు మొదట తీసేది ఆ పేజీనే.

ఇక పుస్తకం సంగతి. బల్ల మీద పెడితే తనంతట తనే మూసుకుపోయేది వద్దు, స్పైరల్ బైండింగ్‌ది తీసుకోండి. తడి చేత్తో పట్టుకుంటాం కాబట్టి బాల్‌పెన్నుతో రాయండి, ఇంకు పెన్ను అలుక్కుపోతుంది. ప్రతి పేజీ కింద నాలుగు గీతలు ఖాళీగా వదలండి. ఎవరి దగ్గర నేర్చుకున్నారో, మొదట ఏ తేదీన చేశారో అక్కడ రాసుకోవచ్చు. రెండు నెలలకోసారి పేజీలన్నీ ఫోనుతో ఫోటోలు తీసి ఇంట్లోవాళ్ళందరికీ పంపండి, అప్పుడు మీరు ఇంటికి ఆలస్యంగా వచ్చే రోజు కుక్కరు వేరే ఎవరైనా పెట్టగలరు. మా ఇంట్లో గురువారాలు ఆనపకాయ పప్పు ఇప్పుడు మా అబ్బాయే చేస్తున్నాడు, పేజీ కింద వాడి రాతలో "ముదురు కాయకి ఇంకో 5 నిమిషాలు" అని ఉంది.