లోక్ అదాలత్‌లో బాకీ వాయిదాలకు ఒప్పుకునే ముందు చూసుకోవాల్సినవి

బ్యాంకు బాకీ వాయిదాల్లో కట్టేలా లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే, ఆ అవార్డు (రాజీ షరతులతో అక్కడ ఇచ్చే తీర్పు) సివిల్ కోర్టు డిక్రీతో, అంటే కోర్టు తీర్పుతో సమానం. దానిపై అప్పీలు ఉండదు. అందుకే సంతకానికి ముందే:

• లోన్ స్టేట్‌మెంట్ తీసుకోండి. అసలు, వడ్డీ, పెనాల్టీ విడివిడిగా అడగండి. మీ రసీదులన్నీ జమయ్యాయో లేదో చూడండి.

• నెలకు ఎంత కట్టగలరో ఇంట్లోనే లెక్క వేసుకోండి. నా దృష్టిలో అన్నిటికన్నా ముఖ్యం ఇదే. అక్కడ అధికారుల ఎదురుగా కూర్చున్నాక టెన్షన్‌లో ఎంతకైనా తలూపేస్తాం. వ్యవసాయం మీద బతికేవాళ్లు నెలవారీ కాకుండా పంట డబ్బు చేతికొచ్చే సమయానికి గడువు అడగాలి. కుదరకపోతే సంతకం పెట్టకండి. ఎవరూ బలవంతం చేయకూడదు. కోర్టులో నడుస్తున్న కేసైతే మళ్లీ అక్కడికే వెళ్తుంది, అంతే.

• ఒక్క వాయిదా తప్పితే ఏమవుతుంది? తగ్గించిన వడ్డీ మళ్లీ కలుపుతారా? మొత్తం ఒకేసారి కట్టమంటారా? ఈ షరతు రెండుసార్లు చదవండి. వారం పది రోజుల వెసులుబాటు రాయించుకోగలిగితే మంచిది.

• జామీను ఉన్నవాళ్లకు ముందే చెప్పండి.

• తాకట్టు పత్రాలు ఎప్పుడు తిరిగిస్తారో కాగితం మీద ఉండాలి.

• బాకీ కొంత తగ్గించి రాజీ చేస్తే సిబిల్ రిపోర్టులో (మన అప్పుల చరిత్ర చూపే రిపోర్టు) ‘సెటిల్డ్’ అని పడుతుంది. తర్వాత కొత్త లోన్ దొరకడం కష్టమవుతుంది.

• అవార్డు కాపీ తీసుకోకుండా ఇంటికి రాకండి.