స్టేషన్‌ల ఒంటరిగా పిల్లగాడు కనిపిస్తే ఏం చెయ్యాలె

కాజీపేట జంక్షన్ కదా, ఢిల్లీ దిక్కెల్లి, సికింద్రాబాద్ దిక్కెల్లి, విజయవాడ దిక్కెల్లి బండ్లొస్తయ్, ఇంట్ల దెబ్బలకు ఓర్వలేక ఏ రైలు దొరికితే అది ఎక్కిన పిల్లలు కూడా ఇక్కడ దిగుతరు. వరంగల్ స్టేషన్ల, హన్మకొండ బస్టాండ్ల కూడా అంతే. మనం పది రూపాయలు చేతుల పెట్టి పోతం. పైసలు ఇయ్యకండి, పెద్ద పోరలు గుంజుకుంటరు లేకుంటే మత్తుకు పీల్చే జిగురు సొల్యూషన్ ట్యూబ్‌కు పోతయ్. ఇడ్లీనో అన్నమో కొనిచ్చి పక్కన కూసోండి.

అసలు పని మాట్లాడుడే. ఎందుకు పారిపోయొచ్చినవ్ అని మొదలే అడిగితే లేచి ఉరుకుతడు. "తిన్నవా తమ్మీ, రాత్రి ఏడ పన్నవ్, కాలుకు ఆ పుండు ఎట్లయింది" అని అడగండి. పేరు తప్పు చెప్తడు, ఊరు తప్పు చెప్తడు, చెప్పనీయండి, వాడు ఇన్ని రోజులు బతికింది అట్లనే, నిజం తర్వాత మెల్లగ వస్తది. చేతుల ఆ సొల్యూషన్ పూసిన గుడ్డ వాసన చూస్తుంటే తిట్టకండి, గుంజుకోకండి, ఆకలి తెల్వకుండ ఉండనీకె, సలికి నిద్ర పట్టనీకె అది పీలుస్తరు.

తర్వాత పిల్లల హెల్ప్‌లైన్ 1098కి ఫోన్ చెయ్యండి, పైసలు పడయ్, రాత్రి అయినా ఎత్తుతరు. స్టేషన్ల అయితే రైల్వే హెల్ప్‌లైన్ 139కి చెయ్యండి, లేకుంటే అక్కడి ఆర్‌పీఎఫ్ (రైల్వే రక్షణ దళం) వాళ్లకు చెప్పండి. ఏ ప్లాట్‌ఫాం, ఏ రంగు అంగీ, ఎంత వయసుండొచ్చు, అన్నీ చెప్పండి. వాళ్లొచ్చేదాక మాత్రం కదలకండి. నేను మొదటిసారి ఫోన్ చేసి నా పని అయిపోయిందనుకొని బండెక్కిన, వాళ్లు వచ్చేసరికి పిల్లగాడు లేడని తర్వాత తెల్సింది, ఇప్పటికీ ఆ మొఖం యాదికొస్తది.

పాపం అని మన ఇంటికి మాత్రం తోల్కపోవద్దు. 2015 జువెనైల్ జస్టిస్ (బాలల న్యాయం) చట్టం ప్రకారం ప్రయాణం టైమ్ తీసేసి 24 గంటలల్ల బాలల సంక్షేమ కమిటీ ముందట పెట్టాలె, ఇంటికి పంపాల్నా హోంల ఉంచాల్నా వాళ్లు చూస్తరు. ఇంట్ల కొడుతుండ్రు, నేను పోను అని వాడు అక్కడ చెప్పొచ్చు, ఆ మాట వాళ్లు వినాలె, ఈ సంగతి వాడికి ముందే చెప్పి పంపండి, సగం భయం పోతది.

ఇంకోటి, ఫోటో తీసి వాట్సాప్ గ్రూపులల్ల పెట్టకండి. పిల్లల పేరు, మొఖం బయటపెట్టుడు అదే చట్టం కింద నేరం, పైగా వాణ్ని కొట్టినోడే ఆ ఫోటో చూసి ఎతుక్కుంట రావచ్చు.