విమాన ప్రయాణానికి నూనెలు, షాంపూలు, పేస్టులు ఎలా సర్దుకోవాలి

సెక్యూరిటీ చెక్‌లో బయటికి తీయించే వాటిలో సగం వాడేసిన పేస్టు ట్యూబు తప్పకుండా ఉంటుంది. 150 గ్రాముల ట్యూబులో అడుగున ఇరవై గ్రాములే మిగిలినా పోనివ్వరు. లోపల ఎంతుందో వాళ్లకు అనవసరం, పైన ఎంత అని రాసి ఉందో అదే లెక్క. అంతర్జాతీయ ప్రయాణంలో క్యాబిన్‌లోకి తీసుకెళ్లే ద్రవం ఏదైనా 100 మిల్లీలీటర్లకు మించని సీసాలో ఉండాలి. ఆ సీసాలన్నీ ఒక లీటరు పట్టే పారదర్శకమైన జిప్ కవర్లో ఇమడాలి, జిప్ పూర్తిగా పడాలి. మనిషికి ఒక్క కవరే. లండన్ నుంచి వెళ్లే విమానాలను ద్రవ పేలుడు పదార్థాలతో పేల్చాలన్న కుట్ర 2006లో బయటపడ్డాక వచ్చిన నియమం ఇది. దేశం లోపలి ప్రయాణాల్లో మంచినీళ్ల సీసాను మామూలుగా వదిలేస్తారు. అలాగని అర లీటరు షాంపూ కూడా వదులుతారని ఆశపడొద్దు. హైదరాబాద్ నుంచి విశాఖ వెళ్లినా ఈ 100 మి.లీ. పద్ధతిలోనే సర్దుకుంటే ఎవరితోనూ వాదన ఉండదు.

ద్రవం అంటే నీళ్లలా ఉండేదే కాదు. పోస్తే పారేది, పూస్తే అంటుకునేది, నొక్కితే చిమ్మేది అన్నీ ద్రవం కిందికే వస్తాయి. పేస్టు, ఫేస్‌వాష్, షేవింగ్ క్రీమ్, హెయిర్ జెల్, రోల్‌-ఆన్, లిప్ గ్లాస్, మస్కారా, వాసెలిన్, తలనొప్పి బామ్ అన్నీ ఆ కవర్లోకే. సబ్బు, లిప్‌స్టిక్, కాటుక పెన్సిల్, స్టిక్ డియోడరెంట్, షాంపూ బార్, పటిక ముక్క కవర్ బయట ఉండొచ్చు. కవర్లో చోటు చాలకపోతే ముందు చేయాల్సింది ఇదే: ద్రవాలకు బదులు గట్టివి ఎంచుకోవడం.

కొబ్బరినూనె సంగతి వేరుగా చెప్పాలి. దాదాపు 24 డిగ్రీల దగ్గర అది కరుగుతుంది. జనవరి పొద్దున ఇంట్లో రాయిలా గడ్డకట్టి ఉంటుంది కాబట్టి ఘన పదార్థమే కదా అని వాదించి లాభం లేదు, దాన్ని ద్రవంగానే చూస్తారు. ఇంకో చిక్కు, గడ్డకట్టిన నూనెను చెంచాతో తోడి చిన్న సీసాలో కుక్కితే మధ్యలో గాలి ఖాళీలు మిగిలిపోతాయి. అది కరిగాక సీసా సగమే నిండినట్టు తేలుతుంది, ఆ ఖాళీ అంతా గాలే. సీసాను గోరువెచ్చని నీళ్లలో ఉంచి, నూనె పూర్తిగా కరిగాకే వంపుకోవాలి.

ఎంత కావాలో లెక్క వేసుకుంటే చాలామందికి లీటరు కవరు సగం కూడా నిండదు. బ్రష్ మీద నిండుగా వేసుకున్న పేస్టు గ్రాము, గ్రామున్నర ఉంటుంది. రోజుకు రెండుసార్లు చొప్పున పది రోజులకు 30 గ్రాముల చిన్న ట్యూబు చాలు. షాంపూ ఒకసారి తలస్నానానికి ఎనిమిది, పది మిల్లీలీటర్లు. పొడవాటి జుట్టుకు రెట్టింపు. ముఖానికి, మెడకు సన్‌స్క్రీన్ పూటకు రెండు మిల్లీలీటర్ల లెక్కన 50 మి.లీ. ట్యూబు ఎక్కువే అవుతుంది. కిరాణా కొట్లో దండలా వేలాడే షాంపూ ప్యాకెట్లను మించిన ట్రావెల్ ప్యాక్ లేదు. ఎన్ని తలస్నానాలో అన్ని చింపుకుని, ఒకటి అదనంగా పెట్టుకుంటే సరి. ఎయిర్‌పోర్టు దుకాణాల్లో ముచ్చటగా కనిపించే చిన్న సీసాల సెట్లకు పెట్టే డబ్బు దండగ.

ఇక అసలు బెడద, కారడం. మూత గట్టిగా తిప్పాం కదా, ఎందుకు కారిందంటే కారణం గాలి. పైకి వెళ్లాక క్యాబిన్‌లోని గాలి పీడనం నేల మీద ఉన్నంత ఉండదు. చాలా విమానాల్లో అది ఆరు నుంచి ఎనిమిది వేల అడుగుల కొండ మీద ఉన్నంతకు తగ్గుతుంది. కింద సామాన్లు పెట్టే అరలోనూ దాదాపు అంతే. చెన్నై, విశాఖ లాంటి సముద్రతీరంలో మూసిన సీసాలోని గాలి ఆ పీడనంలో మూడో వంతు వ్యాకోచించాలని చూస్తుంది. హైదరాబాద్ కొంచెం ఎత్తు మీద ఉంది కనుక అక్కడ మూసినదైతే పావు వంతు. చోటు లేక ఆ గాలి ద్రవాన్ని మూత సందులోంచి బయటికి నెడుతుంది. అందుకే నిండు సీసా కంటే సగం ఖాళీ అయిన సీసాయే ఎక్కువ కారుతుంది.

మెత్తటి ప్లాస్టిక్ సీసా అయితే నిటారుగా పట్టుకుని, ద్రవం మూతి దాకా వచ్చేవరకు పక్కల నుంచి నొక్కండి. నొక్కిన చేయి తీయకుండానే మూత బిగించండి. సీసా సొట్టపడినట్టు ఉంటుంది, అలాగే ఉండాలి. పైకి వెళ్లాక లోపలి గాలి ఉబ్బడానికి ఆ సొట్టే చోటిస్తుంది. పేస్టు, క్రీమ్ ట్యూబులకూ ఇదే పద్ధతి. గాజు సీసా, గట్టి ప్లాస్టిక్ సీసా అయితే నొక్కలేం కాబట్టి మెడ మొదలయ్యేదాకా నింపి లోపల గాలిని తగ్గించాలి. అంచుదాకా నింపితే ఎండలో నూనె వ్యాకోచించి అదీ పొంగుతుంది, కొంచెం ఖాళీ ఉండాల్సిందే.

మూత తీసి, సీసా మూతి మీద రెండు మడతల ప్లాస్టిక్ కాగితం పరిచి, దాని మీదుగా మూత బిగిస్తే మరలు పట్టుగా కూర్చుంటాయి. కూరగాయల కవరు ముక్క అయినా పనికొస్తుంది. నూనె సీసాకు ఇది తప్పనిసరి, ఎందుకంటే నీళ్లు ఆగే సందులోంచి కూడా నూనె మెల్లగా పాకుతుంది. టక్కున తెరుచుకునే ఫ్లిప్ మూతను నమ్మొద్దు. దాని మీద టేపు చుట్టడం సరిపోదు, కింద తిప్పే భాగాన్ని కూడా విప్పి ప్లాస్టిక్ వేయాలి. పంపు సీసాలను అసలు తీసుకెళ్లకపోవడమే మేలు. పంపు గొట్టం అడుగుదాకా మునిగి ఉంటుంది, పైన ఉన్న గాలి ఉబ్బితే లోషన్‌ను ఆ గొట్టంలోంచే పైకి తోస్తుంది. పంపును తిప్పి లాక్ చేసినా ప్రతిసారీ ఆగదు. మామూలు మూత ఉన్న సీసాలోకి ఒంపుకోండి.

ప్రయాణం మధ్యలో క్రీమ్ ట్యూబు మూత తీయాల్సి వస్తే మూతి పైకి పెట్టి, టిష్యూ అడ్డం పెట్టుకుని తీయండి. లేకపోతే చొక్కా మీదికి చిమ్ముతుంది.

చెక్-ఇన్ సూట్‌కేసులో 100 మి.లీ. పరిమితి లేదు కానీ హద్దే లేదని కాదు. మండే గుణం ఉన్నవాటికి, అంటే పెర్ఫ్యూమ్, డియోడరెంట్ స్ప్రే, హెయిర్ స్ప్రే, నెయిల్ పాలిష్, శానిటైజర్ లాంటివాటికి ఒక్కొక్క డబ్బా అర లీటరు లేదా అర కిలో దాటకూడదు. అన్నీ కలిపి మనిషికి రెండు లీటర్లు లేదా రెండు కిలోలు. స్ప్రే డబ్బాకు పై మూత కచ్చితంగా ఉండాలి, బట్టల ఒత్తిడికి నాజిల్ నొక్కుకుపోతే డబ్బా మొత్తం ఖాళీ అవుతుంది. ఊడిపోయే మూత అయితే టేపు వేయండి. విడి బ్లేడ్లు, కత్తెర సూట్‌కేసులోనే పెట్టాలి. ట్రిమ్మర్‌ను వీలైతే చేతి సంచిలోనే ఉంచుకోండి. సూట్‌కేసులో పెడితే పూర్తిగా ఆఫ్ చేసి, బటన్ దానంతటది నొక్కుకోకుండా డబ్బాలో పెట్టాలి. విడి లిథియం బ్యాటరీలు, పవర్ బ్యాంకు సూట్‌కేసులోకి అస్సలు వెళ్లకూడదు. పూజ సామానుతో పాటు హారతి కర్పూరం, బట్టల మధ్య కలరా ఉండలు వేయడం మన ఇళ్లల్లో మామూలే. అవి రెండూ మండే ఘన పదార్థాలు, ఏ సంచిలోనూ పెట్టకూడదు.

సీసాలన్నీ ఒక జిప్ కవర్లో, ఆ కవరు ఇంకో కవర్లో పెట్టి, సూట్‌కేసు మధ్యలో తువ్వాళ్ల నడుమ నిటారుగా ఉంచండి. అంచున పెడితే విసిరినప్పుడు దెబ్బంతా సీసా మీదే పడుతుంది. ఆవకాయ ప్యాకెట్ ఒకవైపు, ఇవి ఇంకోవైపు. రెండూ కారితే తిండీ బట్టలూ కూడా పోతాయి.

అమెరికా వెళ్లేవాళ్లు పొడుల విషయంలో జాగ్రత్త పడాలి. 2018 నుంచి అక్కడికి వెళ్లే విమానాల్లో 350 మి.లీ.కి మించిన పొడి, అంటే సుమారుగా ఒక కూల్‌డ్రింక్ టిన్నుకు సరిపడేంత, క్యాబిన్ సంచిలో ఉంటే విడిగా తనిఖీ చేస్తారు. అదేమిటో తేలకపోతే తీసేస్తారు. సున్నిపిండి, కుంకుడుకాయ పొడి, టాల్కం పౌడర్ సూట్‌కేసులోనే వేసుకోండి. కవరు మీద పేరు రాసి అంటిస్తే తెరిచి చూసేవారికి సులువు. ఆస్ట్రేలియా వెళ్తుంటే కుంకుడుకాయలు, పెసరపిండితో చేసిన సున్నిపిండి లాంటివి మొక్కల నుంచి వచ్చినవే కాబట్టి, దిగాక మనం అప్పగించే ప్రయాణికుల కార్డులో తప్పకుండా చూపించాలి. చూపిస్తే మహా అయితే తీసేసుకుంటారు, దాస్తే జరిమానా.

రోజూ వేసుకునే మందుల సిరప్, చంటిపిల్లల పాలు ప్రయాణానికి సరిపడేంత 100 మి.లీ. దాటినా తీసుకెళ్లొచ్చు. వాటిని కవర్లో దాచకుండా విడిగా పట్టుకుని, తనిఖీకి ముందే చెప్పండి. డాక్టర్ చీటీ, మందు అసలు డబ్బా దగ్గరుండాలి.

మధ్యలో విమానం మారేవాళ్లు దారిలో ఉన్న ఎయిర్‌పోర్టుల్లో ఎక్కువ కఠినంగా ఉండే నియమాన్నే పాటించాలి. బ్రిటన్‌లో కొన్ని ఎయిర్‌పోర్టులు కొత్త స్కానర్లు వచ్చాక 100 మి.లీ. నియమాన్ని సడలించాయి, కానీ తర్వాతి ఎయిర్‌పోర్టులో మళ్లీ తనిఖీ జరిగితే అక్కడి లెక్కే చెల్లుతుంది. దుబాయ్‌లో కొన్న అత్తరు పెద్ద సీసాను దుకాణం వాళ్లు సీలు వేసిన సంచిలో, రసీదు కనిపించేలా ఇస్తారు. చివరి ఊరు చేరేదాకా ఆ సంచి చింపొద్దు. అమెరికాలో దిగి లోపల ఇంకో విమానం ఎక్కాలంటే, మొదటి ఎయిర్‌పోర్టులో మామూలుగా సూట్‌కేసు తీసుకుని కస్టమ్స్ దాటి మళ్లీ అప్పగించాలి. ఆ సూట్‌కేసు చేతిలో ఉన్నప్పుడే అత్తరు సీసాను అందులోకి మార్చేయండి, బెల్టు మీద వేశాక మళ్లీ అందదు.