నియామక పరీక్ష తప్పితే కోర్టుకు వెళ్లవచ్చా? సమస్య - పరిష్కారం

నియామక పరీక్ష రాయలేకపోయిన అభ్యర్థి విషయంలో మొదట తేల్చవలసినది ఆ గైర్హాజరు ఎవరి వల్ల జరిగిందన్నదే. నియామక సంస్థ వల్ల జరిగితే కేసుకు బలం ఉంటుంది. అభ్యర్థి సొంత ఇబ్బంది వల్లనైతే, అది ఎంత నిజమైనదైనా, మళ్లీ పరీక్ష పెట్టమని కోర్టులు ఆదేశించడం అరుదు.

సమస్య: పరీక్ష దగ్గర పడినా హాల్‌టికెట్ డౌన్‌లోడ్ కావడం లేదు.

కారణం: సాధారణంగా ఫీజు బ్యాంకు ఖాతాలో కోత పడి సంస్థకు జమ కాకపోవడం, లేదా ఫొటో, సంతకం సరిగా లేవని దరఖాస్తును తిరస్కరించడం.

పరిష్కారం: పరీక్ష ఇంకా జరగలేదు కాబట్టి అన్నిటిలోకీ ఎక్కువ గెలుపు అవకాశం ఉన్న వివాదం ఇదే. చెల్లింపు లావాదేవీ సంఖ్య, బ్యాంకు స్టేట్‌మెంటు, స్క్రీన్‌షాట్లు జతచేసి సంస్థ కార్యదర్శికి ఆ రోజే ఈమెయిల్‌లోనూ స్పీడ్ పోస్టులోనూ వినతిపత్రం పంపాలి. జవాబు రాకపోతే, రాష్ట్ర ఉద్యోగమైతే రాజ్యాంగం 226వ అధికరణ కింద అమరావతిలోని హైకోర్టులో రిట్ పిటిషన్ వేసి, తుది తీర్పుకు లోబడి పరీక్ష రాయనివ్వాలని మధ్యంతర ఉత్తర్వు కోరాలి. వ్యవధి లేనప్పుడు లంచ్ మోషన్, అంటే అదే రోజు అత్యవసర విచారణ, అడగవచ్చు. రాష్ట్ర పరిపాలనా ట్రైబ్యునల్‌ను రద్దు చేశారు కాబట్టి మధ్యలో మరో మెట్టు లేదు. అదే స్టాఫ్ సెలక్షన్ కమిషన్, రైల్వే నియామక బోర్డు ఉద్యోగాలకైతే నేరుగా హైకోర్టుకు వెళ్తే పిటిషన్ వెనక్కి వస్తుంది; ఎల్. చంద్రకుమార్ కేసులో 1997 నాటి సుప్రీంకోర్టు తీర్పు ప్రకారం ముందు కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్‌కే వెళ్లాలి.

సమస్య: తేదీ మారిన సంగతి తెలియక పరీక్ష తప్పింది.

కారణం, పరిష్కారం: 2025లో మెగా డీఎస్సీలో జూన్ 20, 21 తేదీల పరీక్షలు జులై 1, 2 తేదీలకు మారాయి. ఇలాంటప్పుడు ‘నాకు ఎస్సెమ్మెస్ రాలేదు’ అన్న వాదన ఒక్కటే నిలబడదు, ఎందుకంటే వెబ్‌సైట్ చూసుకునే బాధ్యత అభ్యర్థిదేనని నోటిఫికేషన్‌లోనే రాసి ఉంటుంది. కొత్త హాల్‌టికెట్ సైట్‌లో పెట్టనే లేదనో, అందులో వేరే కేంద్రం పడిందనో చూపగలిగితే మాత్రం పరిస్థితి మారుతుంది.

సమస్య: వరద వల్ల కేంద్రానికి చేరలేకపోయారు.

కారణం: నెల్లూరు వారికి ఇది కొత్త కాదు. 2021 నవంబరులో పెన్నా పొంగి కోవూరు దగ్గర జాతీయ రహదారి తెగింది, పడుగుపాడు వద్ద రైలు పట్టాల కింద కట్ట కొట్టుకుపోయింది. అలాంటి రోజు కావలి అభ్యర్థికి నెల్లూరులో కేంద్రం పడితే చేరే దారే లేదు.

పరిష్కారం: ఒక్కరి పిటిషన్ కంటే దారి తెగిన ప్రాంతపు అభ్యర్థులంతా కలిసి, పరీక్షకు ముందే, జిల్లా కలెక్టర్ ద్వారా వాయిదా కోరడం మేలు. రైలు రద్దయినట్టు వచ్చిన సందేశం, టికెట్ డబ్బు వాపసైన వివరం దాచుకోవాలి. అయినా ఆశ మితంగానే ఉండాలి: వరదలు, కోవిడ్ కారణంగా సివిల్స్ ప్రిలిమ్స్ వాయిదా వేయాలన్న పిటిషన్‌ను సుప్రీంకోర్టు 2020 సెప్టెంబరు 30న తోసిపుచ్చింది.

సమస్య: గేటు మూసేశారు.

కారణం, పరిష్కారం: నిమిషం ఆలస్యం నిబంధన కఠినమే అయినా అందరికీ ఒకటే కాబట్టి కోర్టు జోక్యం చేసుకోదు. హాల్‌టికెట్‌లోని గడువు కంటే ముందే మూశారన్నది మీ ఫిర్యాదైతే, అక్కడికక్కడే ఆ కేంద్రం బాధ్యుడైన చీఫ్ సూపరింటెండెంట్ పేర కాగితం రాసి, దాని నకలుపై సమయంతో సంతకం అడగాలి. సంతకం చేయనంటే ఆ మాట కూడా రాసి, గేటు వైపు సీసీ కెమెరా దృశ్యాలు చెరపకుండా భద్రపరచాలని అదే కాగితంలో కోరాలి. సమాచార హక్కు దరఖాస్తుకు జవాబు గడువు 30 రోజులు. అంతలో ఆ దృశ్యాలపై కొత్తవి రికార్డు కావచ్చు.

ఫలితాలు వచ్చాక వేసే పిటిషన్‌కు ఆలస్యమే తొలి అభ్యంతరం. ఎంపికైనవారిని ప్రతివాదులుగా చేర్చకుండా వారి ఎంపికను రద్దు చేయమంటే, అసలు విషయంలోకి వెళ్లకుండానే కోర్టు కొట్టివేయవచ్చు.