వడగళ్ల సొట్టలు ఇంట్లోనే తీశాను
కూకట్‌పల్లిలో పడ్డ వడగళ్లకి మా కారు బానెట్ మీద ఏడు సొట్టలు. హెయిర్ డ్రయ్యర్‌తో వేడిచేసి ఐసు రుద్దమన్నాడు బావమరిది. గంట రుద్దినా రేకు కదల్లేదు.

పని చేసింది గ్లూ పుల్లర్ కిట్టే, అంటే జిగురుతో అంటించి సొట్టను బయటికి లాగే సామాను. పెయింట్ పగిలినా, ఆ రేకుకి ఇదివరకే రీపెయింట్ చేయించినా దీని జోలికి వెళ్లొద్దు, రంగు ఊడొస్తుంది. కారు నీడలో పెట్టి, సొట్టను కడిగి, ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో తుడవండి. కిట్‌లో వచ్చే ప్లాస్టిక్ బిళ్లల్లో (ట్యాబ్) సొట్టకన్నా కాస్త చిన్నదానికి వేడి జిగురు పెట్టి నడిమధ్య అంటించండి. జిగురు చల్లారాక ఆ ట్యాబ్‌ని పుల్లర్‌తో కొంచెం కొంచెంగా లాగాలి. ఆత్రంగా గుంజితే నాకు బొడిపె లేచింది. దాని మీద నైలాన్ పెగ్గు (మొద్దు మొన ఉన్న చిన్న కడ్డీ) ఆనించి రబ్బరు సుత్తితో మెల్లగా దించాను. జిగురు వదలకపోతే అదే ఆల్కహాల్ చుక్కలు వేయండి, గోకొద్దు.

బానెట్ మీద ట్యూబ్‌లైట్ ప్రతిబింబం వంకర లేకుండా కనబడితే సొట్ట పోయినట్టే. నాకు ఐదు పోయాయి. అంచు దగ్గరివి రెండూ మొండివి, డెంటింగ్ మేస్త్రీకే వదిలేశాను.